నడిచే కొస, నిలబడే కొస

ఆ లాండ్రీ గుమ్మం దాటిన వాళ్ళకి మొట్టమొదట మబ్బు పడుతుంది. బయట ఎండ పేలిపోతున్నా సరే. చుట్టుపక్కల హోటళ్ళ దుప్పట్లన్నీ అక్కడికే వచ్చి, ఉడికి, పిండుకుని, అణిగి, మడతలై వెళ్తాయి. వాటి ఒంట్లోంచి లేచిన ఆవిరి కప్పుదాకా పోయి, అక్కడ దారి దొరక్క, తీరిగ్గా మళ్ళీ కిందికి దిగుతుంటుంది. ఆ మబ్బులో మనుషుల కాళ్ళు కనబడవు. తెల్ల ఏప్రాన్లు మాత్రం ఎవరూ తొడుక్కోకుండా వాటంతటవే తేలిపోతున్నట్టుంటాయి. సర్దుబాటు గారు లోపలికి వచ్చి, ఆవిరి పట్టిన కళ్ళజోడు తుడిచి పెట్టుకుని, మళ్ళీ తీసి తుడిచి, ఆఖరికి విసుగొచ్చి జేబులో పడేసుకున్నారు. ఇక్కడ చెవులుంటే చాలనుకున్నారు. ఆయన ఉద్యోగమూ వినడమే కదా.

కన్నవాళ్ళు ఆయనకి పెట్టిన పేరు వేరే ఉంది, కానీ అది నిలవలేదు. ఫ్యాక్టరీల్లో, దుకాణాల్లో, ఆస్పత్రుల్లో పనిచేసేవాళ్ళ మధ్య తగవులొస్తే కోర్టు మెట్లెక్కకముందే కూర్చోబెట్టి మాట్లాడించడం ఆయన పని. పొద్దస్తమానం "సర్దుకుందాం, సర్దుకుందాం" అంటుంటే జనం ఆయన్నే సర్దుబాటు చేసేశారు. "ఊళ్ళో తగవులన్నీ సర్దుతారు, మీ బీరువా మాత్రం సర్దరు" అని ఇంట్లో ఆవిడ సణుగుతుంది. ఆయనకి తన వృత్తి మీద ప్రేమ ఎక్కువ, భ్రమ తక్కువ. రాజీ పడటం అంటారు గాని రాజీ లేవడం అని ఎవరూ అనరు. ఎవరో ఒకరు కాస్త పడందే ఒప్పందం లేవదు. మధ్యవర్తిలో వర్తి అంటే వత్తి అని కూడా ఆయనే చెబుతుంటారు. అటూ ఇటూ వెలుగు రావాలంటే మధ్యలోది కాలాలి.

సూపర్వైజరు ఎదురొచ్చాడు. చొక్కాకి గంజి, మాటకి గంజి, నవ్వుకి రెట్టింపు గంజి. కూర్చుంటే ప్యాంటు నలుగుతుందని నిలబడే భోంచేస్తాడని చెప్పుకుంటారు. అందరికీ ఆయన ఇస్త్రీ సారు.

"చిన్న తగవేనండీ. వదినా మరదళ్ళు. ఒకే దుప్పటికి ఇటొకరు, అటొకరు. ఇన్నేళ్ళూ కిక్కురుమనలేదు. ఇప్పుడు మరదలు కొసలు మార్చాలంటుంది. వదిన చచ్చినా మార్చనంటుంది."

"మడత పేచీ అన్నమాట."

"అచ్చంగా అదే" అన్నాడు ఇస్త్రీ సారు, నవ్వితే ముఖం ముడతపడుతుందేమోనన్నట్టు నవ్వకుండానే.

ఇద్దరూ పని చేస్తున్న చోటికి తీసుకెళ్ళాడు. గది మధ్యలో పెద్ద వేడి రోలరు. తడి దుప్పటి వెనక నుంచి లోపలికి పాకి, ముందు నుంచి పొగలు కక్కుతూ, కాగితంలా నున్నగా బయటికొస్తోంది. రోలరు నోటి దగ్గర నిలబడ్డ ఆవిడ వదిన. నిండు మనిషి, నింపాది మనిషి. వచ్చే దుప్పటి రెండు మూలలూ ఒడిసిపట్టి, అంచు కుట్టు ఏ రంగు దారమో కేకేస్తుంది. నీలమైతే ఒక హోటలు, ఆకుపచ్చయితే ఇంకో హోటలు. అవతలి రెండు మూలలూ పట్టుకున్నది మరదలు. సన్నటి మనిషి, కాళ్ళకి చక్రాలున్న మనిషి. దుప్పటిని ఫట్‌మని దులిపి నడిచొచ్చి తన మూలలు వదిన చేతిలో పెడుతుంది. కిందికి జారిన మడత అందుకుని వెనక్కి నడుస్తుంది, మళ్ళీ వస్తుంది. దుప్పటి సగమై, పావై, పుస్తకమంతై, చివరికి మరదలి చేతుల్లోకి చేరుతుంది. ఆవిడ తీసుకెళ్ళి అలమరలో పేరుస్తుంది. నిలబడే కొస కదలదు. నడిచే కొస ఆగదు.

ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకోవడం లేదు. కానీ చేతులకి ఆ కోపం సంగతి ఎవరూ చెప్పినట్టు లేదు. ప్రతి మడతకీ నాలుగు చేతులూ దగ్గరికొచ్చి, వేళ్ళు తగిలి, విడిపోతున్నాయి. సర్దుబాటు గారు అలా చూస్తూ చూస్తూ, తాను వచ్చిన పని మరిచిపోయి, చిన్నప్పుడు ఎక్కడో నీళ్ళ ఒడ్డున తెల్ల పక్షులు రెక్కలు దులుపుకుంటుంటే చూస్తున్నట్టుగా నిలబడిపోయారు.

"ఏమండీ, నిద్రొచ్చిందా?" అన్నాడు ఇస్త్రీ సారు. "సాయంత్రంలోగా తేల్చాలి. లేకపోతే తీర్పు మేడంకి కబురు పెడతాను."

తీర్పు మేడం అంటే ఆర్బిట్రేటరు. సర్దుబాటు గారి ముందు కూర్చుంటే ఇద్దరూ ఒప్పుకున్నదే ఒప్పందం, ఆయన సొంతంగా ఏదీ తేల్చరు. తీర్పు మేడం ముందు కూర్చుంటే ఆవిడ అన్నదే ఆఖరి మాట. పిట్ట పోరూ పిట్ట పోరూ పిల్లి తీర్చినట్టు ఉండదు గాని, పిట్టలకి మాత్రం గుండె దడే. ఆవిడ నోటిమాట నమ్మదు. పని జరిగే చోటికే వచ్చి, తన ముందు చేయించి, కళ్ళారా చూసి మరీ చెబుతుంది.

మాట్లాడుకోవడానికి చలవ బట్టల గది ఇచ్చారు. నాలుగు వైపులా అలమరలు, నేల నుంచి కప్పు దాకా తెల్లటి మడతలు. మధ్యలో బల్ల, మూడు కుర్చీలు. ఆ బట్టల గోడలు శబ్దాన్ని తాగేస్తాయేమో, తలుపు వేసేసరికి రోలరు చప్పుడు దూరపు వానలా మారింది.

ముందు ముగ్గురూ కూర్చున్నారు. సర్దుబాటు గారు నియమాలు చెప్పారు. తర్వాత ఒక్కొక్కరితో విడిగా మాట్లాడతానని, అప్పుడు చెప్పింది చెప్పినవాళ్ళు సరేననందే గోడకి కూడా చెప్పనని మాటిచ్చారు.

"గోడకి చెవులుంటాయంటారుగా" అంది మరదలు.

"ఈ గోడలు దుప్పట్లమ్మా. చెవులు కూడా మడిచేసి ఉంటాయి."

వదిన పెదవి కొద్దిగా కదిలింది. మరదలు అది చూసి, తాను నవ్వబోయిన నవ్వు మింగేసింది. సర్దుబాటు గారు అది గమనించారు. తగవులో ఉన్నవాళ్ళు ఒకేసారి నవ్వబోతే ఆ తగవుకి ఆయుష్షు తక్కువని ఆయన లెక్క. కానీ ఆ లెక్క అక్కడే తప్పింది. ఇద్దరూ నోరు విప్పగానే ఒకరినొకరు ఉతికి ఆరేసుకున్నారు.

"ఏళ్ళకేళ్ళు నడిచి నడిచి నా కాళ్ళరిగిపోయాయి. ఈవిడ మహారాణిలా నిలబడితే నేను మోసుకెళ్ళి సమర్పించుకోవాలి. ఇక నావల్ల కాదు" అంది మరదలు.

"ఆడపడుచు అర్ధమొగుడని ఊరికే అన్నారా? ఇంట్లో పెత్తనం చాలక ఇక్కడికీ తెచ్చింది. ఈ కొస నాది. నీకంటే ముందు నుంచి నాది."

"కొస నీదైతే దుప్పటి హోటలు వాళ్ళది. నువ్వేం కొనుక్కోలేదు."

"నువ్వూ నన్ను కొనుక్కోలేదు."

అక్కడ ఆపి, సర్దుబాటు గారు వదినను కాసేపు బయట కూర్చోమన్నారు. ఆవిడ లేచి, బల్ల అంచు పట్టుకుని, అలమర పక్కనే నెమ్మదిగా తలుపు దాకా వెళ్ళింది. నిండు మనిషి కదా, నడక కష్టమేమో అనుకున్నారాయన.

తలుపు మూసుకోగానే మరదలు మారిపోయింది. మాటలోని పదును ఎక్కడికి పోయిందో గాని, కుర్చీ ముందుకు జరుపుకుని గొంతు తగ్గించింది.

"ఇది మీ కడుపులోనే ఉండాలి సార్."

"ఉంటుందమ్మా. నా కడుపు చూస్తున్నావుగా, చాలా పడుతుంది."

ఆవిడ నవ్వలేదు. "మా వదినకి కళ్ళు కనబడటం లేదు."

సర్దుబాటు గారు తలుపు వైపు చూశారు.

"బొత్తిగా కనబడదని కాదు. మసక. రోజురోజుకీ ఎక్కువవుతోంది. మాది పక్క వాటాయేగా, నాకు తెలీకుండా ఎలా ఉంటుంది? మొన్నామధ్య తలుపు వెనక తగిలించిన మా అన్నయ్య చొక్కాని పట్టుకుని, ఆలస్యంగా వచ్చావేం అని ఒకటే తిట్లు. చొక్కా ఎదురు చెప్పలేదు. మా అన్నయ్యా ఎప్పుడూ ఎదురు చెప్పడు కాబట్టి ఆవిడకి అనుమానం రాలేదు." ఈసారి నవ్వబోయింది, కానీ కళ్ళు నీళ్ళతో నిండాయి. "ఇక్కడేమో నీలం అంటే ఆకుపచ్చ ఉంటుంది, ఆకుపచ్చ అంటే నీలం ఉంటుంది. నేను చూసుకుని సరైన చోట పెట్టేస్తున్నా. నాకు జ్వరమొచ్చి రాని రోజుల్లో నా బదులొచ్చిన అమ్మాయి వదిన కేకేసిన చోటల్లా పేర్చేసింది. ఈ హోటలు దుప్పట్లు ఆ హోటలు మంచాలెక్కాయి. పెద్ద గొడవైంది."

"మరి కొసలు మార్చమని ఎందుకమ్మా?"

"ఆ రోలరు నోరు చూశారుగా. ఆవిడ తడిమి పట్టుకుంటోంది సార్, చూసి పట్టుకోవడం లేదు. రోజుకో జానెడు దగ్గరికి జరుగుతోంది చెయ్యి. నడిచే కొసకి వస్తే ఏ బట్టల బండికో కాలు తగులుతుంది. కాలు తగిలితే వాస్తుంది. అక్కడ చెయ్యి పడితే…" తన వేళ్ళు తానే పిడికిట్లో దాచుకుంది. "పైకి చెబితే ఉద్యోగం పోతుంది. నాకు తెలుసని ఆవిడకి తెలిస్తే ఆ రోజే తనే మానేసి మూల కూర్చుంటుంది. పరువు మనిషి. అందుకే కాళ్ళ నొప్పులని గయ్యాళి వేషం వేశా."

"వేషం బాగా కుదిరింది."

"వేషం కొంచెమేలెండి" అంది మరదలు, కొంగుతో కాకుండా ఏప్రానుతో కళ్ళు తుడుచుకుంటూ. "మిగతాది ఉన్నదే."

ఆవిడ వెళ్ళింది. వదిన వచ్చింది. ఈసారి ఆయన కళ్ళు ఆవిడ చేతుల మీదున్నాయి. వేళ్ళు ముందుగా వచ్చి కుర్చీ వీపుని పలకరించి, అది కుర్చీయేనని నమ్మాక మనిషి కూర్చుంది.

"మా ఆడపడుచు ఏమంది?"

"చెప్పకూడదమ్మా."

"మంచిది. నేను చెప్పేదీ దానికి చెప్పరుగా?"

"చెప్పను."

ఆవిడ ఆయన వైపు మొహం తిప్పింది. దూరపు వాన కురుస్తూనే ఉంది.

"మీరు నాకొక తెల్ల చొక్కా, పైన గుండ్రంగా ఏదో. దాని మీద నల్లటి నీడ. జుట్టనుకుంటా."

"జుట్టు కాదమ్మా, ఆశ."

ఆవిడ గలగలా నవ్వింది. నవ్వు ఆగాక గొంతు పల్చబడింది. "ఆవిరి పట్టింది నా కళ్ళకి. తుడుచుకుంటే పోయే ఆవిరి కాదు. లోపల కనబడనిది బయట ఎండలోకి వెళ్తే కనబడుతుందనుకునేదాన్ని. ఇప్పుడు బయటికెళ్ళినా నాతోనే వస్తోంది. ఒకందుకు అందంగానే ఉంటుందండీ, అబద్ధం చెప్పను. సాయంత్రం దీపాలన్నీ పువ్వుల్లా విచ్చుకుంటాయి. మనుషులు దూరం నుంచి తెల్లగా తేలుతూ వస్తారు, దగ్గరికొచ్చేదాకా ఎవరో తెలీదు. అందరూ నావాళ్ళలాగే ఉంటారు."

"డాక్టరుకి చూపించుకోలేదా?"

"మా అమ్మకీ ఇంతే. డాక్టరు దగ్గరికి వెళ్ళేదాకా వంటిల్లంతా తిరిగేది. ఆయన ఒక పేరు చెప్పి పంపాడు. ఆ రోజు నుంచి గోడ పట్టుకునే నడిచింది. పేరు పెట్టించుకుంటే జబ్బు ఇంట్లో మనిషైపోతుంది. పేరు లేనంతకాలం చుట్టపు చూపుగా వచ్చిందనుకోవచ్చు." తన మాటకి తానే తలాడించింది. "చుట్టపు చూపేలెండి, ఉన్నది."

అలాంటి చోట నవ్వాలో వద్దో సర్దుబాటు గారికి తెలియలేదు.

"నిలబడే కొస వదల్లేను. నిలబడితే దుప్పటి నా చేతికొస్తుంది. నడవాలంటే బండ్లు, గుంటలు, తడి. రెండో అడుగులోనే నా బండారం బయటపడుతుంది. రేపు ఆ మేడం వచ్చి, ఏదీ, కొసలు మార్చి చూపించండీ అందంటే ఇక నేను ఇంటికే. ఇంటికెళ్ళి ఏం చేయను? ఇక్కడుంటే చేతులకి పనుంది. చేతులకి పనున్నంత సేపూ కళ్ళు గుర్తురావు." లేచి నిలబడింది. "దానికి మాత్రం తెలియకూడదు. తెలిస్తే జాలిపడుతుంది. నా ఆడపడుచు నాతో పోట్లాడాలి గాని జాలిపడకూడదు."

సర్దుబాటు గారు కాస్త గాలి పీల్చుకుని వస్తానని బయటపడ్డారు.

పెరట్లో, మెషిను పట్టని పెద్ద దుప్పట్లని తాళ్ళ మీద ఆరేశారు. ఆయన ఆ తెల్లటి వీధుల్లో నడవసాగారు. గాలి వచ్చినప్పుడల్లా ఒక గోడ లేచి దారి ఇచ్చేది, ఇంకో గోడ వచ్చి మూసేది. వృత్తిలోకి వచ్చాక ఎన్నో రహస్యాలు ఆయన కడుపులో చేరాయి. అవి ఎప్పుడూ ఒకదాన్నొకటి కరుచుకునే రహస్యాలే. ఇవి రెండూ అలాంటివి కావు. ఒకే రహస్యం తాలూకు రెండు కొసలు రెండు చెవుల్లోంచి వచ్చి లోపల కలుసుకుని, "నువ్వా?" "నువ్వూ ఇక్కడేనా?" అని పలకరించుకున్నాయి. ఆ రెంటికీ మధ్య తన నోరొక్కటే అడ్డం. తెరిస్తే తగవు తీరుతుంది, మాట తప్పుతుంది. మూస్తే మాట నిలుస్తుంది, తీర్పు మేడం వస్తుంది, ఆవిడ వచ్చేలోగా ఇంకెన్ని దుప్పట్లు ఆ రోలరు నోట్లోంచి రావాలో, ప్రతి దుప్పటికీ ఆ చెయ్యి ఎంత దగ్గరికి జరగాలో. కరవమంటే కప్పకి కోపం, విడవమంటే పాముకి కోపం అంటారు. ఇక్కడ కప్పా లేదు, పామూ లేదు. ఇద్దరు ఆడవాళ్ళు ఒకే మాటని ఒకరి దగ్గర ఒకరు దాచడానికి కోపం నటిస్తున్నారు.

ఒక దుప్పటి ఆయన మొహం మీదుగా చల్లగా జారిపోయింది. ఒక్క క్షణం లోకమంతా తెలుపు. చెయ్యి చాపితే ఏమీ తగల్లేదు. ఆవిడకి ఇలా ఉంటుంది కాబోలనుకుని ఆయన అక్కడే, ఆ తెలుపులోనే, దుప్పటి తనంతట తాను పక్కకి జరిగేదాకా నిలబడ్డారు.

వెనక్కి వెళ్ళి మరదలిని గుమ్మంలో ఆపి అడిగారు. "నువ్వు చెప్పింది ఆవిడకి చెప్పనా?" మరదలు తల అడ్డంగా ఊపింది. వదిన దగ్గరికెళ్ళి అదే అడిగారు. "మాటిచ్చారు" అంది ఆవిడ, అంతే. ఇస్త్రీ సారు గడియారం చూసుకుంటూ వచ్చాడు.

"అయిందా?"

"అవుతోంది."

"అవడమంటే ఎంతవరకు?"

"ఇంకా సగం మడతేనండీ."

"ఇంతకీ తప్పెవరిది?"

సర్దుబాటు గారు నీళ్ళు నమిలారు. లాండ్రీలో నీళ్ళకేం కొదవ.

మళ్ళీ ముగ్గురూ గదిలో కూర్చున్నారు. ఆయన ఇద్దరినీ చూసి, చేతులు బల్ల మీద పెట్టారు.

"నాకు చేతనైన మాటలన్నీ అయిపోయాయి. మిగిలినవి నేను అనకూడనివి. మీరిద్దరూ ఒకరినొకరు ఒక్కొక్క ప్రశ్న అడగండి. తిట్టు కాకూడదు, ప్రశ్న కావాలి. నిజంగా తెలుసుకోవాలనుకున్నదే అడగాలి. నేను నోరెత్తను."

వదిన ముందుగా అడిగింది. "నా చేతిలో మిగిలింది ఆ కొస ఒక్కటే. అది కూడా ఎందుకు లాక్కుంటావే?"

మరదలు చాలాసేపు వదిన మొహంలోకే చూసింది. వదిన కూడా ఆవిడ వైపే చూస్తోంది, కానీ ఆ చూపు కొద్దిగా పక్కకి, భుజం దాటి, వెనకున్న బట్టల మీదికి పోతోంది. మరదలు చెప్పులు విప్పేసింది. లేచింది. తెల్లటి ఏప్రానుతో, తెల్లటి అలమర ముందుకి, చప్పుడు లేకుండా నడిచింది.

"వదినా, నేనెక్కడున్నాను?"

"గొంతు వినబడుతోందిగా. అలమర దగ్గర. ఇదేం ప్రశ్నే?"

మరదలు మళ్ళీ మాట్లాడలేదు. ఉత్త కాళ్ళతో ఇంకొన్ని అడుగులు వేసింది. దూరపు వాన కూడా అప్పుడే ఆగింది. ఎవరో రోలరు ఆపినట్టున్నారు. గదిలో ఒక్క చప్పుడూ లేదు.

వదిన తల కొంచెం అటు తిప్పింది, కొంచెం ఇటు. "ఏమే?" అంది. జవాబు లేదు. "ఏమే, ఆటలా?" ఆవిడ చెయ్యి బల్ల మీద నుంచి లేచి, గాల్లో, ఎవరూ అందించని దుప్పటి మూల కోసం వెతుకుతున్నట్టు తిరిగింది. "పిల్లా, ఎక్కడికి పోయావు? ఉన్నావా?"

మరదలు ఆ చేతికి జానెడు దూరంలోనే ఉంది. ఇంక ఆగలేక ఆ చేతిని పట్టుకుంది.

"ఇక్కడే వదినా. నీ పక్కనే."

వదిన ఆ చేతిని తడిమింది. మణికట్టు, గాజు, వేళ్ళు. తర్వాత మెల్లగా, "ఎప్పటి నుంచి తెలుసు?" అంది.

"చొక్కాని తిట్టినప్పటి నుంచి."

"అది నువ్వు చూశావా?" అంది వదిన. "పాపం, మీ అన్నయ్యకంటే శ్రద్ధగా విందది."

ఇద్దరూ నవ్వారో ఏడ్చారో సర్దుబాటు గారికి సరిగ్గా తెలియలేదు. జేబులో ఉన్న కళ్ళజోడు తీసి పెట్టుకున్నా ఆయనకి అంతా మసకగానే ఉంది. అది ఆవిరి కాదు.

"అయితే నీలం, ఆకుపచ్చ…" అంది వదిన.

"నేను మార్చి పెడుతున్నాలే."

"తప్పని ఒక్కసారైనా అనలేదేం?"

"అంటే ఊరుకుంటావా? రోలరుని వదిలేసి నామీద పడవూ?"

"ఈ కాళ్ళ నొప్పులూ…"

"నీ చెయ్యి ఆ నోట్లోకి పోతుందని." ఆ మాటతో మరదలు నిజంగానే ఏడ్చేసింది. "రోజూ చూస్తున్నా వదినా. ప్రతి దుప్పటికీ చూస్తున్నా. కొస పట్టుకుని ఇటు నుంచి లాగుతున్నది దుప్పటిని అనుకున్నావా? నిన్ను వెనక్కి లాగుతున్నా."

వదిన తన ఏప్రాను అంచుతో మరదలి మొహం తుడిచింది. ఆ తర్వాత సర్దుబాటు గారు ఉన్నవైపు, సుమారుగా, తిరిగింది.

"ఇప్పుడేం రాస్తారండీ?"

"మీరు ఏం ఒప్పుకుంటే అదే. ఏం చేయాలో రాస్తే చాలు. ఎందుకో రాయాలని ఎక్కడా లేదు. ఎందుకన్నది మీ సొత్తు."

"రోలరు వేడి ఆవిడకి పడటం లేదని చెబుదాం" అంది మరదలు వెంటనే. "తువ్వాళ్ళ బల్ల దగ్గరికి మార్చమందాం. అక్కడ రంగులు చూడక్కర్లేదు, చిన్నవీ పెద్దవీ చేతికే తెలుస్తాయి."

వదిన తల అడ్డంగా ఊపింది. "అబద్ధాన్ని ఎంత నున్నగా మడిచినా ఒక మూల బయటికే ఉంటుందే. రేపు అక్కడ తడుముకుంటే ఇంకో అబద్ధం ఉతకాలి. ఇస్త్రీ సారుని పిలవండి. నేనే చెబుతా."

"ఉద్యోగం…" అంది మరదలు.

"పోతే పోతుంది. నిన్ను గయ్యాళిని చేసి నిలబెట్టుకునే ఉద్యోగం నాకెందుకు? ఉన్న గయ్యాళితనం చాలు నీకు."

ఇస్త్రీ సారు వచ్చాడు. వదిన నిలబడి, గొంతు తడబడకుండా, నాలుగు మాటల్లో చెప్పింది. ఆయన మొదట తలుపు వైపు, అంటే తలుపు అవతలి రోలరు వైపు చూశాడు. మొహంలో గంజి అంతా దిగిపోయింది.

"ఇన్నాళ్ళూ ఆ నోటి దగ్గరా…" అన్నాడు.

"తప్పే."

"తప్పంటే అది కాదమ్మా." కాసేపు అలమరలోని మడతలు సవరించాడు, అవి సవరించాల్సిన అవసరం లేకపోయినా. "రోలరు దగ్గరికి మాత్రం ఇక పంపలేను. కళ్ళ డాక్టరు చూసి చెప్పేదాకా తువ్వాళ్ళ బల్ల. జీతం మారదు. డాక్టరు చెప్పాక ఏమవుతుందో ఇప్పుడు మాటివ్వలేను. అది నా చేతుల్లో లేదు."

"నా కళ్ళల్లోనూ లేదులెండి" అంది వదిన.

ఒప్పందం ఒక్క కాగితంలో సరిపోయింది. వదిన తువ్వాళ్ళ బల్లకి, నిలబడే కొస కొత్త మనిషికి. నడిచే కొస మరదలిదే, కాళ్ళ నొప్పులు ఆశ్చర్యంగా నయమయ్యాయి గనక. డాక్టరు దగ్గరికి ఇద్దరూ కలిసి ఈ రోజే వెళ్ళాలన్న మాట మరదలు పట్టుబట్టి చేర్పించింది. లాండ్రీకి సంబంధం లేని విషయమని ఇస్త్రీ సారు అంటే, "సంబంధం మాది, కాగితం మీది" అంది. వదిన సంతకం చేసే చోటు మరదలు వేలితో చూపించింది. వదిన ఆ వేలిని ఆనుకునే సంతకం పెట్టింది. తీర్పు మేడంకి కబురు వెళ్ళలేదు.

సాయంత్రం సర్దుబాటు గారు గేటు దాటేసరికి ముందు వాళ్ళిద్దరూ వెళ్తున్నారు. వీధి దీపాలు అప్పుడే వెలుగుతున్నాయి. ఎండ ఇంకా పూర్తిగా పోలేదు. ఆ రెండు వెలుగుల మధ్య వీధి పాలు పోసినట్టుంది. వదిన చెయ్యి మరదలి మోచేతి మీదుంది.

"ఇటేగా?"

"ఇటే. అడుగులో అడుగు వెయ్యి. ముందు మెట్టుంది."

"ఎక్కేదా, దిగేదా?"

"దిగేది. నీ కోపం లాగా కాదు, త్వరగా దిగుతుంది."

వదిన మెట్టు దిగి, ఆగింది. "ఆయన ఏదైనా పేరు చెబితే?"

"ఎవరు?"

"డాక్టరు. పేరు చెబితే ఎలాగే?"

"చెబితే చెప్పనీ. మన ఇంట్లో అందరికీ ముద్దుపేర్లున్నాయి. దానికీ ఒకటి పెడదాం. పెట్టి, రోజూ తిడదాం."

"తిట్టడానికి నువ్వుండాలి పక్కన."

"ఎక్కడికి పోతాను? పక్క వాటాయే కదా."

సర్దుబాటు గారికి ఆ మాటలు స్పష్టంగా వినబడుతున్నాయి. బస్సు స్టాపు కూడా అదే దారి. నాలుగడుగులు త్వరగా వేస్తే వాళ్ళని కలుసుకోవచ్చు, కళ్ళాసుపత్రి దాకా తోడు వెళ్ళవచ్చు. వదిన ఏదో అడిగింది, మరదలు వంగి చెవిలో ఏదో చెప్పసాగింది. ఆయనకి ఉన్నట్టుండి తట్టింది. పొద్దున్నుంచి వాళ్ళ మాటలు వినడం తన ఉద్యోగం. కాగితం మీద సంతకాలు పడ్డాయి. ఇక ఈ మాటలు తనవి కావు.

ఆయన అక్కడే ఒక మూసిన దుకాణం ముందు ఆగి, అవసరం లేకపోయినా చెప్పు సరిచేసుకున్నారు. వాళ్ళ మాటలు మెల్లగా మాటల్లా వినబడటం మానేశాయి. వట్టి గొంతుల్లా, ఆ తర్వాత వట్టి రాగంలా, ఆపైన వీధి చప్పుళ్ళలో ఒక చప్పుడులా కలిసిపోయాయి. వెలుగులో రెండు ఆకారాలు ఒకదానికొకటి ఆనుకుని, ఆగుతూ, కదులుతూ, అంత దూరం నుంచి ఎవరు నడిపిస్తున్నారో, ఎవరు నడుస్తున్నారో తెలియకుండా మలుపు తిరిగాయి.